చెయ్యి వణికినా చూపు నిలిచే బైనాక్యులర్

నిరుడు జనవరిలో ఒక ఆదివారం మా నాన్నగారిని నేలపట్టు తీసుకెళ్లాను. అప్పటికి నేను సూళ్లూరుపేట బ్రాంచికి బదిలీ మీద వచ్చి ఏడాది దాటింది. నాన్నగారు ముప్పై ఏళ్లకు పైగా హైస్కూల్లో సైన్సు చెప్పిన మనిషి. ఉద్యోగంలో ఉన్నన్నాళ్లూ ప్రతి చలికాలం పిల్లల్ని ఊరి చెరువు గట్టు మీదికి తీసుకెళ్లి కొంగల్ని, బాతుల్ని చూపించేవారు. నేలపట్టు చెరువులో నీళ్ల మధ్య నిలబడ్డ చెట్ల మీద గూడబాతులు, అంటే పెలికాన్లు, గూళ్లు కట్టి పిల్లల్ని పెంచుతున్నాయని చెప్పగానే ఆయనే తొందరపెట్టి బయల్దేరదీశారు.

గట్టు మీద నిలబడి నా దగ్గరున్న మామూలు 10x42 బైనాక్యులర్ ఆయన చేతికిచ్చాను. అర నిమిషం కళ్లకు పెట్టుకుని, "బాగున్నాయిరా" అని తిరిగి ఇచ్చేశారు. ఇరవై ఏళ్లుగా కౌంటరుకు ఇటువైపు కూర్చుంటున్నవాణ్ణి. అర్థం కాని ఫారం చేతికిస్తే "అర్థమైంది సార్" అనే ఖాతాదారు గొంతు ఎలా ఉంటుందో నాకు తెలుసు. నాన్నగారి గొంతు అలాగే ఉంది. ఆయనకు ఏమీ కనిపించలేదు.

కళ్లు బాగానే ఉన్నాయి. రెండింటికీ శుక్లాల ఆపరేషన్ అయింది, రోజూ పేపరు మొదటి పేజీ నుంచి చివరి పేజీ దాకా చదువుతారు. ఇబ్బందంతా చేతులతోనే. ఏడేళ్లుగా ఆయన చేతులు వణుకుతున్నాయి. డాక్టరు దాన్ని ఎసెన్షియల్ ట్రెమర్ అన్నారు. ఒళ్లో పెట్టుకున్నంతసేపూ ఏమీ ఉండదు. కాఫీ గ్లాసు ఎత్తినా, పెన్ను పట్టినా, దేన్నైనా ఎత్తి పట్టుకున్నా వణుకు మొదలవుతుంది. పెన్షన్ ఖాతాలో పాత సంతకం కలవక రెండేళ్ల కిందట కొత్త నమూనా సంతకం ఇవ్వాల్సి వచ్చింది. నేను కొత్తగా ఆఫీసరైన రోజుల్లో ఒక పెద్దాయన చేత విత్‌డ్రాయల్ ఫారం మీద నాలుగుసార్లు సంతకం పెట్టించాను. నాలుగూ నాలుగు రకాలుగా వచ్చాయి. ఆయన ఒక్క మాటా అనలేదు. నాన్నగారు కొత్త సంతకం పెడుతుంటే పక్కన నిలబడ్డప్పుడు ఆ ఫారమే నా కళ్ల ముందు మెదిలింది.

ఆ ఆదివారం ఇంటికొచ్చాక మొదలుపెట్టిన వెతుకులాట నన్ను ఇమేజ్ స్టెబిలైజేషన్ ఉన్న బైనాక్యులర్ల దగ్గరికి తీసుకెళ్లింది. మన సహోద్యోగుల్లో పక్షులు చూసేవాళ్లు, నల్లమలకు సఫారీకి వెళ్లేవాళ్లు చాలామందే ఉన్నారు. "ఏది కొనాలి, ఎన్ని రెట్లది కొనాలి" అని నన్ను అడిగినవాళ్లూ ఉన్నారు. నేను తెలుసుకున్నదీ, పొరబడ్డదీ రెండూ ఇక్కడ రాస్తున్నాను.

ముందు అసలు చిక్కు ఏమిటో చూద్దాం. ఎంబీఏలో లివరేజ్ గురించి చదువుకున్నాం. అప్పు తెచ్చి వ్యాపారం చేస్తే లాభం ఎన్ని రెట్లు పెరుగుతుందో నష్టమూ అన్ని రెట్లు పెరుగుతుంది. బైనాక్యులర్‌లో మాగ్నిఫికేషన్ అచ్చం అలాంటిదే. 10 రెట్ల బైనాక్యులర్ పక్షిని పది రెట్లు దగ్గర చేస్తుంది, చేతి కదలికనూ పది రెట్లు చేస్తుంది. రాత్రిపూట టార్చిలైటు దూరంగా ఉన్న గోడ మీదికి వేసి చూడండి. మణికట్టు వెంట్రుకవాసి కదిలితే గోడ మీద వెలుగు మూరెడు జరుగుతుంది. పక్షి కూడా మన చూపులో అలాగే అటూ ఇటూ జరిగిపోతుంటుంది.

నా చేతులు వణకవు అనుకోకండి. ఆరోగ్యంగా ఉన్న మనిషి చేతులు కూడా సెకనుకు సుమారు 8 నుంచి 12 సార్లు సన్నగా కదులుతూనే ఉంటాయి. దీనికి ఊపిరి, గుండె కొట్టుకోవడం, మెడ నొప్పి, వీస్తున్న గాలి తోడవుతాయి. పక్షులు చూసేవాళ్లు తరతరాలుగా 8 రెట్లు, 10 రెట్ల దగ్గర ఆగిపోయింది అందుకే. అంతకు మించితే చేత్తో పట్టుకుని చూడటం కష్టం. అద్దాలు ఎంత నాణ్యమైనవైనా, వణుకు వల్ల సన్నని గీతలు అలుక్కుపోతాయి. 15 రెట్లో 18 రెట్లో కావాలంటే ట్రైపాడ్ ఉండాల్సిందే.

ఈ చిక్కును యంత్రంతో విడదీయాలన్న ప్రయత్నాలు పాతవే. జర్మనీకి చెందిన జైస్ కంపెనీ 1990లో 20x60 బైనాక్యులర్ ఒకటి తెచ్చింది. దాంట్లో బ్యాటరీ లేదు. లోపలి పట్టకాలను ప్రత్యేకమైన కీలు మీద వేలాడదీసినట్టు అమర్చి, బయటి డొక్కు కదిలినా అవి కదలకుండా చేశారు. బరువు 1.6 కిలోలపైనే. జపాన్‌కు చెందిన ఫుజినాన్ కంపెనీ ఓడల మీద, హెలికాప్టర్లలో పనిచేసేవాళ్ల కోసం గిర్రున తిరిగే గైరో ఆధారంగా మరో రకం చేసింది. మామూలు మనిషి మెడలో వేసుకుని తిరిగే రకాన్ని 1995లో కేనన్ కంపెనీ మార్కెట్లోకి తెచ్చింది. వీడియో కెమెరాల కోసం తయారైన పరిజ్ఞానాన్నే వాళ్లు బైనాక్యులర్‌లోకి తీసుకొచ్చారు.

అది పనిచేసే తీరు మా నాన్నగారు పిల్లలకు చెప్పే పద్ధతిలోనే చెబుతాను. చెంబులో నీళ్లు పోసి పుల్ల ముంచితే వంగినట్టు కనిపిస్తుంది. కాంతి గాలిలోంచి నీళ్లలోకి వెళ్లేటప్పుడు దారి మార్చుకుంటుంది కాబట్టి. ఇప్పుడు రెండు గుండ్రటి గాజు పలకల్ని ఎదురెదురుగా పెట్టి, హార్మోనియం తిత్తి మడతల్లాంటి మెత్తటి గోడతో వాటి అంచుల్ని కలిపి, మధ్యలో పారదర్శకమైన నూనెలాంటి ద్రవం నింపారనుకోండి. పలకలు సమాంతరంగా ఉన్నంతసేపూ కాంతి నేరుగా పోతుంది. ఒక పలకను కొంచెం వంచితే మధ్యలోని ద్రవం మేకులా ఒకవైపు మందంగా, ఒకవైపు పలచగా అవుతుంది. అంటే అప్పటికప్పుడు ఒక పట్టకం తయారైనట్టే. కాంతి పక్కకు వంగుతుంది. బైనాక్యులర్ ఎటు, ఎంత కదిలిందో చిన్న సెన్సర్లు కనిపెడుతుంటాయి. ఒకటి పైకీ కిందికీ కదలికను, ఇంకొకటి పక్కలకు కదలికను చూస్తుంది. లోపలి చిప్ లెక్క కట్టి పలకను అందుకు సరిపడా వంచుతుంది. చెయ్యి కుడికి జరిగితే బొమ్మ ఎడమకు జరుగుతుంది. రెండూ కొట్టేసుకుని పక్షి ఉన్నచోటే నిలుస్తుంది. ఇదంతా రెప్పపాటు లోపలే, రెండు కళ్లకూ ఒక్కసారే జరగాలి. తరవాత వచ్చిన కొన్ని మోడళ్లలో ద్రవం బదులు కటకమే పక్కకు జరిగేలా చేశారు. సూత్రం మాత్రం అదే.

మీట నొక్కిన క్షణం ఎలా ఉంటుందో మాటల్లో చెప్పడం కష్టం. మొదటిసారి నొక్కినప్పుడు నేను బ్రాంచి మేడ మీద ఉన్నాను. దూరంగా వాటర్ ట్యాంకు మీద రాసిన అక్షరాలు మీట నొక్కేదాకా ఎగురుతున్నాయి, నొక్కగానే తెలుగు వాచకంలో అచ్చేసినట్టు ఆగాయి. మా క్యాషియర్ కూడా చూసి, "సార్, దీంతో మన ఎన్‌పీఏ వాళ్లు ఎక్కడున్నారో కనిపెట్టొచ్చేమో" అన్నాడు. రికవరీకి పనికొచ్చే రకం ఇంకా రాలేదని చెప్పాను.

ధర సంగతి దాచను. ఇవి మామూలు మంచి బైనాక్యులర్‌కు చాలా రెట్లు ఖరీదు. ఆ ఏడాది ఎల్‌ఎఫ్‌సీ మీద ఎక్కడికీ వెళ్లకుండా నగదుగా మార్చుకున్నాను. అదీ చాలక పొదుపులోంచి తీశాను. ఫ్రిజ్ మార్చాలని రెండేళ్లుగా అడుగుతున్న మా ఆవిడ దాన్ని చూసి ఏమందో ఇక్కడ రాయడం మర్యాద కాదు.

అంత పెట్టి 18x50 కొన్నాను. ఇక్కడే నా మొదటి పొరపాటు. ఎక్కువ రెట్లుంటే ఎక్కువ మంచిదనుకున్నాను. ఈ అంకెల్లో మొదటిది ఎన్ని రెట్లు దగ్గర చేస్తుందో చెబుతుంది, రెండోది ముందు అద్దం వెడల్పు మిల్లీమీటర్లలో. 18 రెట్లంటే 900 మీటర్ల దూరంలో ఉన్న పక్షి 50 మీటర్లలో ఉన్నట్టు కనిపిస్తుంది. వినడానికి బాగుంది. కానీ రెండో అంకెను మొదటి అంకెతో భాగించి చూడండి. 50ని 18తో భాగిస్తే సుమారు 2.8 వస్తుంది. కంటికి చేరే కాంతి పుంజం వెడల్పు 2.8 మిల్లీమీటర్లన్నమాట. పట్టపగలు మన కంటిపాప కూడా అంతే ఉంటుంది కాబట్టి లోటు తెలియదు. మసక చీకట్లో నలభై దాటిన మనబోటివాళ్ల కంటిపాప 5 మిల్లీమీటర్ల దాకా విచ్చుకుంటుంది. అప్పుడు 2.8 సరిపోదు. నా పాత 10x42లో అది 4.2. వెలుగు లెక్కలో రెట్టింపు కన్నా ఎక్కువ తేడా. అడవిలో జంతువులు బయటికొచ్చేదే తెల్లవారుజామున, పొద్దుగూకే వేళ. ఆ సమయంలో 18x50లో అంతా నిశ్చలంగా ఉంటుంది, నల్లగానూ ఉంటుంది.

రెండో లోటు చూపు వెడల్పు. కిలోమీటరు దూరంలో నా పాత బైనాక్యులర్ 110 మీటర్ల పైచిలుకు మేర చూపిస్తే, 18 రెట్లది సుమారు 65 మీటర్లే చూపిస్తుంది. తాళం రంధ్రంలోంచి ఊరేగింపు చూసినట్టుంటుంది. నల్లమలలో సఫారీ జీపు మీద, యాభై మీటర్ల లోపు పొదల్లో కదిలేదాన్ని దీంతో వెతుకుతానంటే జంతువు దాటిపోయాక ఆకులు మిగులుతాయి. అడవికి 8 రెట్లో, 10 రెట్లో మేలు. 15, 18 రెట్లకు చోటు మైదానం, కొండవాలు, నీటి విస్తీర్ణం. రోళ్లపాడు గడ్డిభూముల్లో కృష్ణజింకల మందను దారి మీదే నిలబడి చూడాలన్నా, పులికాట్‌లో దూరపు పక్షుల్ని గుర్తుపట్టాలన్నా అవే కావాలి.

పులికాట్ మాకు ఇంటి ముందున్నట్టే. చిలికా తరవాత దేశంలో అతి పెద్ద ఉప్పునీటి సరస్సు అదే. సూళ్లూరుపేట నుంచి శ్రీహరికోటకు వెళ్లే రోడ్డు సరస్సు మధ్యలోంచే పోతుంది. చలికాలంలో అటూ ఇటూ లోతు తక్కువ నీళ్లలో ఫ్లెమింగోలు బారులు తీరి ఉంటాయి. కొత్త బైనాక్యులర్ తీసుకుని మొదటి ఆదివారం, ఇంటి పనులన్నీ తెముల్చుకుని, పదకొండున్నరకు అటకానితిప్ప దగ్గరికి చేరాను. దూరంగా గులాబి రంగు గీత కనిపిస్తోంది. మీట నొక్కాను. చెయ్యి వణుకు పోయింది, పక్షులు మాత్రం నిలవలేదు. కాళ్లు మెలికలు తిరుగుతున్నాయి, మెడలు తెగి మళ్లీ అతుక్కుంటున్నాయి. బ్యాటరీలు మార్చాను. అద్దాలు తుడిచాను. పరికరం పాడైపోయిందని, కంపెనీకి రాయాల్సిన ఫిర్యాదు మనసులోనే డ్రాఫ్ట్ చేసుకున్నాను.

అక్కడ వల సర్దుకుంటున్న ఒకతను మా బ్రాంచి ఖాతాదారే. నా అవస్థ చూసి దగ్గరికొచ్చాడు. బైనాక్యులర్ ఇస్తే ఒక చూపు చూసి నవ్వాడు. "పొద్దెక్కినాక ఈ నీళ్ల మీద ఏదీ నిలబడదు సార్. ఎండకి గాలే ఆడతా ఉంటది. తెల్లారి రాండి" అన్నాడు.

కొనేముందు ఎన్ని వివరాలు చదివానో, వాటన్నిటికన్నా ఈ మాటే నాకు ఎక్కువ ఉపయోగపడింది. స్టెబిలైజర్ సరిదిద్దేది మన చేతి కదలికను మాత్రమే. పరికరం కదిలితేనే దాని సెన్సర్లకు తెలుస్తుంది. మనకూ పక్షికీ మధ్యనున్న గాలి వేడెక్కి అల్లాడితే దానికి తెలియదు. పైగా 18 రెట్లు ఆ అల్లాటనూ 18 రెట్లు చేసి చూపిస్తుంది. హెడ్జింగ్ చేసినవాళ్లకు ఇది కొత్త విషయం కాదు. ఏ రిస్కుకు రక్షణ కొన్నామో దానికే రక్షణ, మార్కెట్ మొత్తం ఊగితే అది ఆపదు.

తరవాతి ఆదివారం ఆరున్నరకల్లా అక్కడున్నాను. నీళ్ల మీద చల్లటి గాలి, వెనకనుంచి వెలుగు. అదే దూరంలో అవే పక్షులు. ఫ్లెమింగోల్లో మన దేశంలో కనిపించేవి రెండు రకాలు. పెద్ద రకం ముక్కు లేత గులాబి, కొసన నలుపు. చిన్న రకం పక్షి పొట్టిది, ముక్కు ముదురు ఎరుపు, దూరం నుంచి దాదాపు నల్లగా కనిపిస్తుంది. ఎత్తు మీద ఆధారపడితే మోసపోతాం, పెద్దదాని పిల్ల కూడా పొట్టిగానే ఉంటుంది. ముక్కు చూడాలి. పాత బైనాక్యులర్‌తో ఎన్నిసార్లు చూసినా నాకు ముక్కు రంగు తేలేది కాదు. ఆ రోజు మీట నొక్కి ఒక్కొక్కదాన్నే చూస్తూ పోయాను. పెద్దవే అన్నీ. చిన్న రకం ఒక్కటీ లేదు. అయినా "లేదు" అని ఖాయంగా అనగలగడం ఎంత బాగుంటుందో, ఆడిట్ ఇన్‌స్పెక్షన్‌లో నిల్ రిపోర్టు రాసినవాళ్లకు తెలుస్తుంది.

వాడకంలో నాకు పట్టుబడ్డ కిటుకులు కొన్ని. పక్షిని బైనాక్యులర్‌తో వెతకకూడదు. ముందు మామూలు కంటితో పట్టుకుని, ఆ పక్కనే ఒక స్తంభమో ఎండుచెట్టో గుర్తు పెట్టుకుని, చూపు కదపకుండా బైనాక్యులర్‌ను కళ్ల దగ్గరికి తెచ్చుకోవాలి. పక్షి చూపులోకి వచ్చాకే మీట నొక్కాలి. నొక్కి ఉంచి అటూ ఇటూ తిప్పితే, యంత్రం మన ఉద్దేశాన్ని వణుకనుకుని ఆపబోతుంది. బొమ్మ వెనకబడి, తరవాత ఒక్కసారిగా జారుతుంది, తల తిరిగినట్టుంటుంది. నొక్కాక ఒక సెకను ఓపిక పట్టాలి. ఎగిరే పక్షికి దీన్ని వాడాలంటే చెయ్యి అలవాటు పడాలి. జీపు ఇంజన్ ఆపించాలి. బ్యాటరీలు రెండే అయినా జేబులో ఇంకో రెండు తప్పనిసరి. అవి అయిపోతే చేతిలో మిగిలేది కిలో పైచిలుకు బరువున్న, విపరీతంగా ఊగే మామూలు బైనాక్యులర్. ఆ బరువుకు మెడతాడు పనికిరాదు, భుజాల మీదుగా వేసుకునే పట్టీలు కొనుక్కోండి. రాత్రి గురుగ్రహం వైపు తిప్పితే దాని పక్కన చుక్కల్లా ఉపగ్రహాలు కనిపిస్తాయి. మా కాలనీ పిల్లలకు పక్షులకన్నా అదే ఇష్టం. శ్రీహరికోట నుంచి రాకెట్ ఎగిరే రోజున నా మేడ మీద క్యూ ఉంటుంది. అలాంటప్పుడు సూర్యుడి దిక్కుకు ఎవరూ తిప్పకుండా పక్కన నిలబడి కాపలా కాస్తాను. ఒక్క క్షణం చాలు, కన్ను పోతుంది.

ట్రైపాడ్ మీద పెట్టే స్పాటింగ్ స్కోపు ఇంతకన్నా ఎక్కువ చూపిస్తుంది కదా అంటారు. నిజమే. ఒకేచోట నిలబడి గంటలకొద్దీ చూసేవాళ్లకు అదే మేలు. పడవ ఎక్కితే మాత్రం ట్రైపాడ్ దండగ, కింద నేలే కదులుతుంటుంది. అక్కడ స్టెబిలైజర్ గెలుస్తుంది, అయితే నీళ్లు నిదానంగా ఉంటేనే. మామూలుగా దొరికే రకాలు ఒక డిగ్రీ, అంతకన్నా తక్కువ కదలికనే సరిదిద్దగలవు. ఓడల కోసం చేసిన గైరో రకాలు సుమారు 5 డిగ్రీల దాకా తట్టుకుంటాయి. అల పెద్దదైతే చిన్న యంత్రం చేతులెత్తేస్తుంది. ఈ ఒక డిగ్రీ సంగతి గుర్తుంచుకోండి, దీంతో తరవాత పనుంది.

విదేశాల్లో వీటిని ఎక్కువగా కొనేవాళ్లలో వేటగాళ్లున్నారు. అమెరికా పడమటి కొండల్లో వాళ్లు తుపాకీ పక్కన పెట్టి గంటల తరబడి ఎదుటి కొండవాలును బైనాక్యులర్‌తో గాలిస్తారు. అక్కడ ఏ జంతువును, ఏ వయసుదాన్ని, ఏ నెలలో వేటాడవచ్చో లైసెన్సు చెబుతుంది. దుప్పి మగదా ఆడదా, కొమ్ములకు ఎన్ని కొసలున్నాయన్నది దూరం నుంచే తేల్చుకోవాలి. పొరబడి తుపాకీ పేలిస్తే వెనక్కి తీసుకోలేరు. కాబట్టి నిశ్చలంగా చూడటం వాళ్లకు సరదా కాదు. మన దేశంలో ఆ ముచ్చటే లేదు. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం వేటను నిషేధించింది. మన చట్టంలో వేట అంటే చంపడం ఒక్కటే కాదని చాలామందికి తెలియదు. ఉచ్చు వేయడం, తరమడం, రక్షణ ఉన్న పక్షుల గూళ్లనూ గుడ్లనూ కదిలించడం కూడా ఆ నిర్వచనంలోకే వస్తాయి.

ఇది ఎందుకు చెబుతున్నానంటే, చలికాలంలో పులికాట్‌లో పడవల మీద ఫోటోల కోసం గుంపుల్లోకి దూసుకుపోయేవాళ్లను చూశాను. వాళ్ల చేతుల్లో తుపాకుల్లేవు. కానీ మేత మేస్తున్న రెండొందల పక్షులు ఒక్కసారిగా లేచిపోతాయి. గూళ్ల దగ్గర ఇంకా ఘోరం. తల్లి లేచిన ఆ కాసేపట్లో కాకి గుడ్డు ఎత్తుకుపోతుంది, లేదా ఈకలు రాని పిల్ల ఎండకు మాడుతుంది. 18 రెట్ల బైనాక్యులర్ పక్షిని దగ్గరికి తెస్తుందని కంపెనీలు ప్రకటిస్తాయి. నాకైతే అది నన్ను దూరంగా ఉంచుతుంది. గట్టు దిగాల్సిన పనే లేకుండా చేస్తుంది.

సరే, నాన్నగారి సంగతికొస్తాను. ఫిబ్రవరిలో మళ్లీ నేలపట్టు వెళ్లాం. ఆ కేంద్రాన్ని 1976లో రక్షిత ప్రాంతంగా ప్రకటించారు. చూడటానికి టవరు ఉంది. పొద్దున ఏడింటికి వెళ్లి, కొత్త బైనాక్యులర్ సగర్వంగా ఆయన చేతికిచ్చి మీట చూపించాను. కళ్లకు పెట్టుకున్నారు. వేలు మీట మీద నిలవడానికే కష్టపడింది. కాసేపటికి దించేసి, ఈసారి "బాగున్నాయిరా" అని కూడా అనలేదు. "ఇంత డబ్బెందుకు పోశావురా" అన్నారు.

తప్పు నాది. ఒక డిగ్రీ సంగతి చెప్పానే, అది నాకే తట్టలేదు. నా చేతి వణుకు ఆ హద్దులోపల ఉంటుంది. చేతులు చాచి, కిలో పైన బరువు ఎత్తి నిలబడినప్పుడు ఆయన వణుకు దాన్ని దాటిపోతుంది. దాటాక యంత్రం సాయం చేయలేదు, ఇంకా గందరగోళం చేస్తుంది. ఇది వైద్య పరికరం కాదు. దాని హద్దులోపలికి వణుకును మనమే దించాలి.

వాచర్‌ను అడిగి ప్లాస్టిక్ కుర్చీ ఒకటి తెచ్చాను. నాన్నగారిని పిట్టగోడకు ఆనుకుని కూర్చోబెట్టి, నా కండువా, ఆయన మఫ్లరు కలిపి మడిచి గోడ మీద దిండులా పెట్టాను. బైనాక్యులర్ బరువంతా దాని మీద మోపి, మోచేతులు రెండూ గోడకు ఆనించమన్నాను. ఇప్పుడు చేతులు ఎత్తాల్సిన పని లేదు, పక్కన ఆనించి ఉంటే చాలు. ఇంకొక సంగతి, మీట. కొన్ని మోడళ్లలో చూస్తున్నంతసేపూ నొక్కి పట్టుకోవాలి. కొన్నిటిలో ఒకసారి నొక్కి వదిలేస్తే కొన్ని నిమిషాలపాటు దానంతటదే పనిచేస్తుంది. చేతులు వణికేవాళ్ల కోసం కొంటే రెండో రకమే కొనాలి. అదృష్టం కొద్దీ నాది అదే. మీట నేను నొక్కి చెయ్యి తీసేశాను.

కొంతసేపు ఆయనేం మాట్లాడలేదు. నేను గూడు వైపు మామూలు కళ్లతో చూస్తూ నిలబడ్డాను. చెట్టు మీద బూడిదరంగు ముద్దలు తప్ప నాకేం కనిపించడం లేదు.

"పైముక్కు మీద చుక్కలున్నాయిరా" అన్నారు. "వరసగా, అంచు పొడుగునా."

ఆ చుక్కల వల్లనే ఈ రకాన్ని ఇంగ్లీషులో స్పాట్ బిల్డ్ పెలికాన్ అంటారు. ముప్పై ఏళ్లు పిల్లలకు బొమ్మల్లో చూపించారు. చేతిలో బైనాక్యులర్ లేని రోజులు, ఉన్నా చెయ్యి నిలవని రోజులు. చుక్కలు ఆయన కంటపడింది అదే మొదటిసారి.

"ఒరేయ్, పిల్ల తల మొత్తం తల్లి గొంతు సంచిలోకి దూర్చేసింది. అరె, మింగేస్తుందేమో అనిపిస్తుంది చూస్తే. అలా దూర్చే చేపలు తీసుకుంటుంది, తెలుసుగా?"

తెలుసన్నాను. ఆరో తరగతిలో ఆయనే చెప్పారు. "నేనూ ఒకసారి చూస్తాను, ఇవ్వండి నాన్నగారూ" అన్నాను.

"ఉండరా, రెండో పిల్లకి ఇంకా పెట్టలేదు" అన్నారు.

ఎండెక్కి గాలి అల్లాడటం మొదలయ్యేదాకా నా వంతు రాలేదు.